గీత మీద పడితే లోపలే

కరెంటు బిల్లు ఆఖరి రోజు, ఆఖరి గంటలో కట్టి వస్తాను.
"ముందే కడితే మీ సొమ్మేం పోయింది?" అంటుంది హైమవతి.
గీత మీద పడితే లోపలే లెక్క, అంటాను.
తెనాలి ప్యాసింజరు కదులుతుండగా ఎక్కినా అదే మాట.
నూట నలభై దాటొద్దని డాక్టరు హద్దు గీసిన చక్కెర
సరిగ్గా నూట నలభై దగ్గర ఆగినా అదే మాట,
ఆ రాత్రి ఒక సున్నుండ నా ఖాతాలో పాయింటు.

ఇది వేదాంతం కాదు, బాల్ బ్యాడ్మింటన్.
"అంటే షటిలేగా అంకుల్?" అన్నాడు పక్కింటి కుర్రాడు.
కాదు నాయనా. ఈక కాదు, ఊలు.
నిమ్మకాయంత పసుపుపచ్చ ఊలు బంతి,
అటు ఐదుగురు, ఇటు ఐదుగురు, ఇరవై తొమ్మిది పాయింట్లు.
"ఫోన్లో ఉందా?"
లేదు. బ్రాడీపేటలో ఉండేది.

స్కూలు మైదానంలో, సాయంత్రం ఐదున్నరకి
నాలుగు బిందెల నీళ్ళు చల్లి సున్నంతో గీతలు వేసేవాళ్ళు.
నేను ఒక్కనాడూ బ్యాటు పట్టలేదు.
నాది చూసే ఉద్యోగం.
వేపచెట్టు వేరు మీద, ఎడమకాలు మడిచి.
ఆ కాలు కదిపితే మనవాళ్ళు ఓడతారు.
ఒకసారి తిమ్మిరెక్కి, గండుచీమలు ఎక్కి,
ఉచ్చ ఆపుకుని మరీ గెలిపించాను.
మర్నాటి పేపర్లో ఐదుగురి పేర్లే వేశారు.

ఆ ఐదుగురిలో యేసుపాదం.
టెలిగ్రాఫ్ ఆఫీసులో పని, ఎడమచేతి వాటం,
వెనక నిలబడ్డాడంటే తలుపుకి గడియ పెట్టినట్టే.
మీరావలి కొట్లో బిగించిన గట్టు మీద
బంతి టంగుమనదు, తుప్ అంటుంది,
తడిగుడ్డ బండకేసి కొట్టినట్టు.
ఇవాళ్టికీ పెరట్లో బట్టలు ఉతుకుతుంటే
స్కోరెంత అని అడగబోయి ఆగుతాను.

ఎనభై మూడు వేసవి. చీరాల వాళ్ళతో ఫైనలు.
మనది ఇరవై ఎనిమిది, వాళ్ళది ఇరవై ఆరు.
యేసుపాదం లేపిన బంతి పైరగాలికి తేలి, తూలి,
కాసేపు ఆలోచించుకుని, మూలన దిగింది.
సున్నం లేచింది. నేను చూశాను.
అంపైరు నృసింహాచార్యులు, మా డ్రాయింగు మాస్టారు,
గీతల సంగతి ఆయనకొకరు చెప్పాలా,
లోపల, అన్నారు.
మా బావమరిది శేషుబాబు మాత్రం అవుటన్నాడు.
అని ఊరుకున్నాడా,
చీరాల వాళ్ళ పక్కన నిలబడి గోలీసోడా తాగాడు.

నలభై ఏళ్ళు.
పెళ్ళి పందిళ్ళలో, పదోరోజు భోజనాల్లో,
పప్పులో ఉప్పెక్కువైందా లేదా అన్న చోట కూడా
ఆ బంతి మా ఇద్దరి మధ్య పడుతూనే ఉంది.
కూతురి శుభలేఖ మీద
"సున్నం బావగారికి" అని రాసి పంపాడు దరిద్రుడు.

మొన్న శంకర్ విలాస్ దగ్గర కంటాసుపత్రిలో
చుక్కల మందు వేయించుకుని
కళ్ళు మూసుకు కూర్చున్నాం, ఓ పదిమందిమి, బడిపిల్లల్లా.
"యేసుపాదం గారూ, కుడి కన్నా, ఎడమా?" అంది నర్సు.
"ఎడమే," అన్నాడు పక్కాయన.
నా వెన్ను నిటారైంది.
అన్నీ చెప్పాను. వేపచెట్టు, మడిచిన కాలు, చీమలు, సున్నం.
ఆయన నవ్వి, తడిమి నా చెయ్యి పట్టుకున్నాడు.
"అది బయటే పడిందండీ. నాలుగు వేళ్ళు.
లేచింది దుమ్ము.
పాపం మాస్టారికి అప్పటికే శుక్లాలు."

నల్లకళ్ళద్దాలతో ఇంటికొచ్చాను.
శేషుబాబు నంబరు నొక్కడానికి చూపుతో పనిలేదు.
పెరట్లో దుప్పటి. తుప్. తుప్.
"ఎవరికి ఫోను?"
"మీ తమ్ముడికి."
"ఏమని?"

పైరగాలి మొదలైంది, కిటికీ రెక్క కొట్టుకుంటోంది.
ఇంత గాలి వీస్తే మాస్టారు చెయ్యెత్తి
ఆట రేపటికి, అనేవారు.
రేపు చేస్తాను.
కాదంటే ఎల్లుండి.
కరెంటు బిల్లుకి ఆఖరి రోజూ అదే.